నాలుగేళ్లుగా నా బల్ల మీదున్న ఐసీడీ పుస్తకం: ఎస్72 దగ్గరి ఆ ఒక్క బాక్స్ కోసం

2021లో మెడికల్ కోడర్ల సీపీసీ పరీక్ష కోసం కొన్న ఐసీడీ-10-సీఎం పుస్తకం ఇది, అంటే అమెరికాలో జబ్బులకూ గాయాలకూ వేసే కోడ్ల పుస్తకం. పరీక్ష అయిపోగానే ఎవరైనా జూనియర్‌కు అమ్మేద్దామనుకున్నాను. అమ్మలేదు. కర్నూలులో, సీ క్యాంపులోని ఇంట్లోంచే ఆర్థో చార్టులు, అంటే ఎముకల రోగుల రికార్డులు, చదివి కోడ్లు వేస్తూ నాలుగేళ్లు దాటింది, ఇంకా పక్కనే ఉంది. ఇండెక్స్ ఎలా చూడాలో, గైడ్‌లైన్లు ఎక్కడుంటాయో ఈ పని చేసేవాళ్లకు నేను చెప్పక్కర్లేదు. నేను రాస్తున్నది ఒక్క బాక్స్ గురించి. తొడ ఎముక ఫ్రాక్చర్ల కోడ్లుండే ఎస్72 మొదట్లో, కోడ్ చివర వేయాల్సిన ఏడో అక్షరం చూపించే బాక్స్. ఫ్రాక్చర్ ఏ రకమో, ఎలా అతుకుతోందో చెప్పేది ఆ అక్షరమే.

దాని విలువ నాకు మొదట్లో తెలియదు. ఆఫీసు ఇచ్చిన సాఫ్ట్‌వేర్ ఉండగా పుస్తకం ఎవరు తిప్పుతారు? కోడ్ కొడితే జాబితా దిగుతుంది, ఒకటి నొక్కితే అయిపోతుంది. కొత్తగా చేరినవాళ్లకు కూడా సాఫ్ట్‌వేర్ ఉంటే చాలని నేనే చెప్పేదాన్ని.

పోయిన ఎండాకాలంలో ఒక చార్టు వచ్చింది. కుడి తొడ ఎముక షాఫ్ట్ (మధ్య భాగం) ముక్కలు ముక్కలైంది, లోపల నెయిల్ (లోహపు కడ్డీ) వేశారు, ఐదో నెల ఫాలోఅప్. ఎముక అతకడం ఆలస్యమవుతోందని డాక్టరు మొదటి పేజీలోనే రాశారు. ఎస్72.351 దాకా ఇబ్బంది లేదు. ఏడో అక్షరం దగ్గర జాబితా దిగింది. ఆ స్క్రీన్‌లో వర్ణన మొత్తం పట్టదు, కొంత దూరం వెళ్లి చుక్కలతో ఆగిపోతుంది. ఓపెన్ ఫ్రాక్చర్ (చర్మం చీలి ఎముక దాకా గాయమైనది) వరుసల్లో గాయం తీవ్రత చెప్పే టైప్ 3ఎ, 3బి అన్నంతవరకు కనిపిస్తుంది. మనకు కావాల్సిన మాట, అంటే మామూలుగా అతుకుతోందా, ఆలస్యమా, అతకలేదా, వంకరగా అతికిందా అన్నది, ఆ చుక్కల వెనకే ఉంటుంది. దాంతో టైప్ 3 కింద వచ్చే ఎఫ్, జె, ఎన్, ఆర్ అక్షరాలు నాలుగూ ఒకేలా కనిపిస్తాయి. టైప్ 1, 2 కింద వచ్చే ఈ, హెచ్, ఎమ్, క్యూ కూడా అంతే. క్లోజ్డ్ ఫ్రాక్చర్ వర్ణన చిన్నది కాబట్టి ‘డిలేడ్’ అన్న మాట అక్కడ మాత్రమే కళ్లకు కనబడింది. అదే నొక్కేశాను. జి.

నోట్‌లో ఓపెన్ అని ఎక్కడా కనబడలేదు, ఓపెనో క్లోజ్డో చెప్పకపోతే క్లోజ్డ్ కిందే వేయాలన్నది నియమం. ఆ ధైర్యంతోనే ముందుకు వెళ్లిపోయాను. మూడు రోజులకు ఆడిట్‌లో తిరిగొచ్చింది. అదే నోట్ రెండో పేజీ చివర, హిస్టరీ కింద ఒక్క వాక్యం ఉంది: టైప్ 3బి ఓపెన్ ఫ్రాక్చర్, ఫ్లాప్ వేశారు. అక్కడ రావాల్సింది జె. చర్మం చెక్కుచెదరని ఫ్రాక్చరూ, ఎముక బయటపడి కండతో కప్పాల్సి వచ్చిన ఫ్రాక్చరూ ఒకటెలా అవుతాయి? ఆ రాత్రి టెన్షన్‌తో నిద్ర పట్టలేదు. మార్కులు పోయినందుకు కాదు. ఇలాంటివి ఇంకెన్ని పంపించి ఉంటానో అని.

మర్నాడు సాయంత్రం కరెంటు పోయింది. ఛార్జింగ్ లైటు పెట్టుకుని పుస్తకం తీశాను. బాక్స్‌లో పదహారు అక్షరాలు ఒకదాని కింద ఒకటి ఉన్నాయి. ఊరికే చూస్తుంటే మూడేసి చొప్పున విడిపోయాయి. ఏ, బి, సి వైద్యం ఇంకా నడుస్తున్నప్పుడు. డి, ఈ, ఎఫ్ మామూలుగా అతుకుతున్నప్పుడు. జి, హెచ్, జె ఆలస్యమైతే. కె, ఎమ్, ఎన్ అతకకపోతే. పి, క్యూ, ఆర్ వంకరగా అతికితే. ప్రతి మూడింటిలో మొదటిది క్లోజ్డ్, రెండోది టైప్ 1 లేదా 2 ఓపెన్, మూడోది టైప్ 3. మిగిలిన ఎస్ ఒక్కటీ తర్వాత మిగిలిపోయే ఇబ్బందులకు. ఐ, ఎల్, ఓ అక్షరాలు బాక్స్‌లో లేకపోవడం వల్లే ఇన్నాళ్లూ ఈ వరస నా కంటికి ఆనలేదు. పెన్సిల్‌తో గీతలు గీసి మూడు నిలువు గళ్లు చేశాను. ఎంత సంతోషమేసిందో! ముంజేతి ఎముకల ఎస్52కూ, కాలి ఎముకల ఎస్82కూ ఇవే పదహారు.

అప్పుడే మా చిన్నాయన గుర్తొచ్చాడు. డోన్ దగ్గర హైవే మీద బండి పడి తొడ ఎముక బయటికొచ్చింది. ఆయన ఫైలు ప్లాస్టిక్ కవర్‌లో ఉండేది. డిశ్చార్జ్ కాగితంలో గ్రేడ్ 3ఎ అని ఉంది. ఆ తర్వాతి ఓపీ చీటీల్లో మాత్రం హ్యాష్ గుర్తు (ఫ్రాక్చర్‌కు డాక్టర్లు పెట్టే పొట్టి గుర్తు), ఫీమర్ (తొడ ఎముక), రివ్యూ, అంతే. "ఏమ్మా, ఏం రాసినారు?" అని ప్రతిసారీ నాకు చూపించేవాడు. నాకొచ్చే అమెరికా చార్టుల్లోనూ అలాంటివి ఉంటాయి. పాత అడ్మిషన్ నోట్‌లో చూసి మనమే టైప్ వేసేయకూడదు, డాక్టరుకు క్వెరీ పెట్టాలి, అంటే రాసి అడగాలి. బాక్స్ ముందున్నాక క్వెరీలో ఏం అడగాలో తెలుస్తోంది: క్లోజ్డా, ఓపెనా, ఓపెన్ అయితే ఏ టైపు, ఎముక ఎలా అతుకుతోంది.

అలాగని పుస్తకం ఒక్కటే చాలని అనను. ఒకప్పుడు సాఫ్ట్‌వేర్ చాలని చెప్పి తప్పు చేశాను, ఇప్పుడు ఇటు తప్పు చేయను. ఆ బాక్స్ ఎస్72 మొదట్లో ఒక్కచోటే అచ్చువేశారు. ఎస్72.35 కొన్ని పేజీల తర్వాత వస్తుంది, ప్రతిసారీ వెనక్కి తిప్పాలి. పిల్లల్లో వచ్చే టోరస్ ఫ్రాక్చర్ (ఎముక పూర్తిగా విరగకుండా నొక్కుకుపోయేది), ఎస్72.47, ఈ బాక్స్ కిందికి రాదు. దానికి ఆరే అక్షరాలు, అక్కడ విడిగా ఉన్నాయి. ఆ సంగతి నేను ఆలస్యంగా గమనించాను. ఇక ఏటా అక్టోబర్ 1న కోడ్లు మారతాయి. ఎస్72 బాక్స్ నేను చూస్తున్న ఇన్నేళ్లలో మారలేదు గానీ, మిగతా కోడ్లకు 2021 పుస్తకాన్ని నమ్ముకోను. వాటికి సాఫ్ట్‌వేరే.

నాకు ఉపయోగపడిందంటే, నావి ఎక్కువగా ఆర్థో ఫాలోఅప్‌లు కాబట్టి. ఇంట్లో పని కాబట్టి లావు పుస్తకం తెరిచి పెట్టుకోవడానికి బల్ల మీద చోటుంది. టార్గెట్ కూడా మరీ ఊపిరాడనంత లేదు. మధ్యలో అట్ట దగ్గర కుట్టు వదిలి, ఇప్పుడు తెరిస్తే దానంతట అదే ఎస్72 దగ్గర తెరుచుకుంటోంది. రేడియాలజీ చేసే నా స్నేహితురాలు కొనమంటావా అని అడిగితే మాత్రం వద్దనే చెప్పాను, ఆ పేజీ ఫోటో తీసి పంపించాను.