రెండు స్పాంజీల ఫిల్టర్, నాలుగు రకాల చిన్న చేపలు: మూడేళ్ల వాడకం తర్వాత

మూడేళ్లలో ఒక్క గప్పీ తోక కూడా ఫిల్టర్ వల్ల చిరగలేదు. ఈ ఫిల్టర్ గురించి ముందుగా చెప్పాల్సింది ఇదే. చిన్న చేపల్ని రకరకాలు కలిపి పెంచే ట్యాంకులో మోటారు ఫిల్టర్ పెట్టినవాళ్లకు ఆ బాధ తెలుసు. నీళ్లు లాక్కునే సందుల దగ్గర రాత్రిపూట నీరసించిన చేప తోక అతుక్కుంటుంది. పొద్దున చూసేసరికి అది పీలికలై ఉంటుంది, రెండు మూడు రోజుల్లో దానికి బూజు పడుతుంది. ఈ ఫిల్టర్ మాత్రం గాలి పంపుతో నడిచేది, గొట్టంలో పైకి లేచే బుడగలే నీళ్లను స్పాంజీల గుండా లాగుతాయి. స్పాంజీకి అలాంటి సందులుండవు. లాగే బలం స్పాంజీ ఒళ్లంతా పరుచుకుంటుంది కాబట్టి ఏ ఒక్కచోటా చేపను పట్టి ఉంచేంత లాగుడు ఉండదు.

ట్యాంకు రెండడుగులది, అందులో పోసిన నీళ్లు 60 లీటర్లు. చెర్రీ బార్బ్‌లు 6, కంచు రంగు కోరిడోరాస్ (కోరీలు) 5, హనీ గౌరామీ జంట ఒకటి, మగ గప్పీలు 4. ఆడ గప్పీలను కావాలనే పెట్టలేదు. నెలకో కాన్పు చొప్పున పిల్లల్ని పెడుతూ పోతే ఏ ఫిల్టరూ తట్టుకోదు. నీళ్లు బోరువి, టీడీఎస్ (కరిగిన లవణాల కొలత) 450, పీహెచ్ 8.0. ఇలాంటి గట్టి నీళ్లలో, మెత్తని నీళ్లు కోరే నియాన్ టెట్రాలను పెట్టి రోజూ దిగులు పడటం కన్నా వాటిని వదులుకోవడమే మేలనిపించింది. పై నాలుగు రకాల్లో గప్పీలకు గట్టి నీళ్లే ఇష్టం. మిగతావి ఫారాల్లో పుట్టి పెరిగినవి కావడంతో సర్దుకున్నాయి.

గౌరామీ గంగా, బ్రహ్మపుత్రల పరీవాహక ప్రాంతంలో నెమ్మదైన, గడ్డి మొలిచిన నీళ్లలో బతికే చేప. మగది నీటిపైన బుడగలతో గూడు కడుతుంది. ఆ రోజుల్లో దాని ఒళ్లు తేనె రంగుకు తిరుగుతుంది, గొంతు నుంచి పొట్ట కిందిదాకా ముదురు నీలం నలుపు వస్తుంది. గూడు చాలా పలచన, కాస్త అల తగిలినా చెదిరిపోతుంది. అందుకని ఫిల్టర్‌ను కుడివైపు వెనక మూలన పెట్టి, గొట్టం మూతిని అద్దం వైపు తిప్పి, గాలి వాల్వును సగానికి మూస్తే ఎడమ మూలన నీటి పైభాగం దాదాపు కదలదు. అక్కడ తేలే మొక్కల గుంపు ఒకటి వదిలితే గూడు దాని అంచునే పడుతుంది. అదే ట్యాంకులో అడుగున కోరీలు స్పాంజీ మీదికెక్కి, మీసాలు ఆడిస్తూ, అక్కడ పట్టిన పాచినీ మేత ముక్కల్నీ ఏరుకు తింటాయి. ఫిల్టర్ మీద చేపలు మేయడం మోటారు ఫిల్టర్‌తో ఎప్పుడూ కనబడని దృశ్యం.

ఇక దెబ్బ తిన్న సంగతి. రెండో ఏడు మే నెలలో జరిగింది. నీళ్లు 30 డిగ్రీలున్నాయి. రెండు స్పాంజీలూ జిగురు పట్టాయని ఒకే పొద్దున రెండింటినీ వంటింటి కుళాయి కింద పిండి, మళ్లీ కొత్తవాటిలా నల్లగా వచ్చేదాకా రుద్ది పెట్టేయడం జరిగింది. ట్యాంకులోవి బోరు నీళ్లే, కానీ వంటింటి కుళాయిలో వచ్చేవి క్లోరిన్ కలిపిన మున్సిపల్ నీళ్లు. చేసిన తప్పులు రెండు: క్లోరిన్ తగిలించడం, రెండు స్పాంజీల్నీ ఒకేసారి కడగడం.

మొదటిరోజు ఏమీ తెలియలేదు, పైగా నీళ్లు మామూలు కన్నా తేటగా కనిపించాయి. రెండోరోజు సాయంత్రానికి మగ చెర్రీ బార్బ్‌ల ఎరుపు వెలిసిపోయింది. మూడోరోజు పొద్దున గప్పీలు నాలుగూ నీటిపైన మూతులు తెరుచుకుని ఉన్నాయి. కోరీలు అప్పుడప్పుడు సర్రున పైకొచ్చి గాలి మింగి కిందికి పోవడం వాటి సహజం, అవి పేగుతోనూ ఊపిరి తీసుకోగలవు. ఆ రోజు మాత్రం నిమిషానికొకటి చొప్పున పైకి లేచాయి. గౌరామీలు ఒక్కటే ఏమీ జరగనట్టు తిరుగుతున్నాయి. మోసపోయేది ఇక్కడే. నేరుగా గాలి పీల్చే అవయవం వాటికి ఉంది కాబట్టి మొప్పలు దెబ్బతింటున్నా ఆయాసం బయటికి కనబడదు. ట్యాంకులో అవి ఒక్కటే ఉండుంటే సంగతి తెలిసేసరికి ఆలస్యమయ్యేది.

పరీక్ష కిట్‌తో చూస్తే అమ్మోనియా 2 పీపీఎం (అంటే లీటరుకు 2 మిల్లీగ్రాములు). మామూలుగా ఉండాల్సింది సున్నా. చేపల మలమూత్రాల నుంచీ మిగిలిన మేత నుంచీ పుట్టే అమ్మోనియాను నైట్రైటుగా, దాన్ని నైట్రేటుగా మార్చే సూక్ష్మజీవుల కాపురం ఈ ట్యాంకులో ఎక్కువగా స్పాంజీల్లోనే. అడుగున ఇసుక పలచన, మొక్కలు తక్కువ. ఆ కాపురమే కుళాయి కింద కొట్టుకుపోయింది. దానికి తోడు పీహెచ్. కిట్ చూపించే మొత్తం అమ్మోనియాలో నిజంగా విషమైన వాయురూపం వంతు 30 డిగ్రీల దగ్గర, పీహెచ్ 7.0లో నూటికి ఒక పాలు కూడా ఉండదు. పీహెచ్ 8.0లో ఏడు పాళ్లు దాటుతుంది. పీహెచ్ తక్కువుండే మెత్తని నీళ్ల ట్యాంకులో ఇదే తప్పు చేసినవాళ్లకు ఏమీ కాకపోవడం, ఇక్కడ చేపలు పోవడం అందుకే.

చేసింది ఇది. ఐదురోజులు వరసగా రోజుకు 40 శాతం నీళ్లు మార్చడం, అదీ ట్యాంకులో ఉన్నంత వేడి ఉన్న బోరు నీళ్లే, సన్నని గొట్టంతో అరగంటసేపు. మూడురోజులు మేత పూర్తిగా బంద్, తర్వాత రోజుకు ఒక్క చిటికెడు. గాలి వాల్వు పూర్తిగా తెరవడం. స్పాంజీల జోలికి అసలు పోకపోవడం. ఆరోరోజుకు అమ్మోనియా 0.5కు దిగింది గానీ నైట్రైటు 1 పీపీఎంకు ఎక్కింది, ఎందుకంటే రెండో జాతి సూక్ష్మజీవులు ఇంకా నెమ్మదిగా కోలుకుంటాయి. దానికి 60 లీటర్లకు అర టీస్పూను దొడ్డుప్పు, అయోడిన్ కలపనిది. ఉప్పులోని క్లోరైడు మొప్పల దగ్గర నైట్రైటును లోపలికి పోనివ్వదు, ఆ కొంచెం ఉప్పు కోరీలకు హాని చేయదు. నీళ్లు మార్చినప్పుడల్లా తీసిన వంతుకు సరిపడా ఉప్పే మళ్లీ వేయాలి, మొత్తానికి కాదు. పదహారోరోజుకు రెండూ సున్నాకు వచ్చాయి. అప్పటికి రెండు గప్పీలు, ఒక చెర్రీ బార్బ్ పోయాయి.

ఇందులో ఫిల్టర్ తప్పేమీ లేదు. నిజానికి రెండు స్పాంజీలు ఉండటంలోని అసలు లాభం ఏమిటో ఆ తర్వాతే తెలిసింది. ఇప్పుడు మూడు వారాలకు ఒక స్పాంజీ, మళ్లీ మూడు వారాలకు రెండోది. అంటే ఒక్కో దానికి ఆరు వారాలకొకసారి. ఏది కడిగామో మరిచిపోకుండా గొట్టానికి ఎర్రదారం కట్టి అటూ ఇటూ మారుస్తుండాలి. నీళ్లు మార్చేటప్పుడు ట్యాంకులోంచి తీసిన నీళ్లనే బకెట్లో పట్టి, అందులో ఐదారుసార్లు పిండితే చాలు. పిండిన నీళ్లు ఇంకా గోధుమరంగులో ఉండగానే ఆపేయాలి. బయటికి తీసేటప్పుడు కింద ఒక ప్లాస్టిక్ కవరు పట్టుకోకపోతే ఆ మడ్డంతా ట్యాంకులోనే విచ్చుకుంటుంది. కొత్త చేపలు వేసిన వారంలో కడగొద్దు.

కొత్తలో ఎవరడిగినా "నీళ్లు అద్దంలా ఉంచుతుంది" అని చెప్పిన మాట ఇప్పుడు కొంచెం సవరించుకోవాలి. కంటికి కనబడే చెత్తను పడుతుంది, కోరీలు ఇసుక తవ్వినప్పుడు లేచే సన్నని నుసిని పట్టదు. ట్యూబులైటు వెలుగులో అది తేలుతూ కనిపిస్తుంది. చేపలకు దానివల్ల ఇబ్బంది లేదు, చూసేవాళ్లకే. "చప్పుడు లేదు" అన్నదీ సగమే నిజం. నీటిమట్టం గొట్టం మూతి కన్నా అంగుళం దిగితే బుడగలు చిటపటలాడతాయి, వేసవిలో వారానికే అంత దిగుతుంది. అలా ఆవిరైన నీటిని బోరు నీళ్లతో నింపుతూ పోతే లవణాలు పేరుకుని టీడీఎస్ 450 నుంచి పైకి పాకుతుంది. ఆవిరైన మేరకు ఆర్వో నీళ్లు పోయాలి, మార్చేటప్పుడు బోరు నీళ్లు.

గట్టి నీళ్ల వల్ల, గాలిని సన్నని బుడగలుగా విడగొట్టే లోపలి గాలిరాయి మూడు నాలుగు నెలల్లో సున్నం పట్టి మూసుకుపోతుంది. బుడగలు తగ్గితే పంపు పాడైందనుకుని కొత్తది కొనకండి, ముందు రాయి మార్చి చూడండి. రాయి బాగున్నా గాలి తక్కువైతే పంపులోని రబ్బరు పొర చిరిగి ఉంటుంది. ఆ పొర విడిగా దొరుకుతుంది, నాలుగు స్క్రూలు విప్పితే మార్చుకోవచ్చు. పంపు నీటిమట్టం కన్నా కింద ఉంటే గొట్టంలో నాన్ రిటర్న్ వాల్వు తప్పనిసరి. లేకపోతే కరెంటు పోయినప్పుడు నీళ్లు వెనక్కి నడిచి పంపులోకి దిగుతాయి. ఆ వాల్వును ఆరు నెలలకోసారి నోటితో ఊది చూడాలి. ట్యాంకు వైపు నుంచి ఊదితే గాలి అస్సలు పోకూడదు. ఇక కరెంటు ఖర్చు: 4 వాట్ల పంపు రాత్రింబవళ్లు నడిచినా నెలకు మూడు యూనిట్లు కూడా కాదు.

ఈ మెచ్చుకోలు అంతా 60 లీటర్ల నీళ్లు, అంగుళం రెండంగుళాల చేపలు, బోరు నీళ్లు అనే లెక్కలోనే. గోల్డ్‌ఫిష్‌ల మలానికి ఇది చాలదు. కార్బన్ డయాక్సైడ్ ఇచ్చి మొక్కలు పెంచేవాళ్లకు ఈ బుడగలు ఇచ్చిన వాయువునంతా బయటికి తోసేస్తాయి. పారే నీటిని ఇష్టపడే జీబ్రా డానియోలు ఇందులో బతుకుతాయి గానీ వాటి ఉరుకు చూడాలంటే నీటికి తోపు కావాలి. గౌరామీ, గప్పీ లాంటి నెమ్మది చేపలున్న ట్యాంకుకైతే పాడైనా మళ్లీ ఇదే కొంటాను. అదీ హాల్లో పెట్టే ట్యాంకు కాబట్టి. మంచం పక్కన పెట్టుకునేవాళ్లు ముందు ఒక రాత్రి బుడగల చప్పుడు వింటూ పడుకుని చూడండి.