కార్తీకమాసంలో టోఫు టాకోలు

కార్తీకం కదా, ఇంట్లో నీచు బంద్, పిల్లలేమో టాకోలని (మొక్కజొన్న రొట్టె మడిచి లోపల కూర పెట్టే మెక్సికో వంటకం) ఒకటే గోల. అమలాపురంలో ఓ షాపులో 200 గ్రాముల టోఫు ప్యాకెట్ కనబడితే తెచ్చాను. "ఇదేంటమ్మా, చప్పటి పన్నీరా?" అన్నారు మా అత్తయ్య. సోయా పాలు విరగ్గొట్టి చేస్తారని చెప్పినా ఆవిడకి నమ్మకం కుదర్లేదు.

మొదట సగం ముక్క తిన్నగా పెనం మీద వేశా, నీళ్లొదిలి ముద్దయిపోయింది, దండగ. మిగతా సగం రాత్రంతా ఫ్రీజర్‌లో పెట్టి, పొద్దున్న మంచు కరిగాక గుడ్డలో చుట్టి పైన పొత్రం పెడితే బోలెడు నీరు కారి స్పాంజిలా అయింది. దాన్ని చేత్తో చిదిపి, ఉల్లిపాయ, వెల్లుల్లి (మా ఇంట్లో వీటికి అభ్యంతరం లేదు), జీలకర్ర, కారం వేసి ఇనప మూకుట్లో ఎర్రగా వేయిస్తే అచ్చం కీమానే! చివర్లో నిమ్మరసం మాత్రం మర్చిపోవద్దు.

మెక్సికోలో మొక్కజొన్నని సున్నపు నీళ్లలో ఉడికించి రుబ్బుతారు కాబట్టి వాళ్ల రొట్టె మడిచినా విరగదు, మన మొక్కజొన్న పిండి విరుగుతుంది, అందుకే సగం గోధుమపిండి కలిపా. పైన క్యాబేజీ తురుము, టమాటా, కొత్తిమీర.

టోఫుకి నాలుగు స్టార్లు. ప్యాకెట్ మూల కారుతోంది, అందుకే ఒక స్టారు కోశా.