స్టీరింగ్, ఎయిర్‌బ్యాగ్ విప్పాలంటే ఇల్లా, షెడ్డా, షోరూమా: ఏది మేలు?

"అన్నా, హారన్ మోగుతలేదు. స్టీరింగ్ ఇప్పి చూడాలంటున్నరు. ఇంటికాడ మనమే ఇప్పొచ్చా, లేకుంటే ఎయిర్‌బ్యాగ్ పేలుతదా?" నల్గొండ, మిర్యాలగూడ నుంచి జడ్చర్ల, మహబూబ్‌నగర్ దాకా కార్లున్న మిత్రులు ఈ మధ్య నన్ను పదే పదే అడుగుతున్నది ఇదే. దీనికి కారణం ఉంది. 2019 జులై 1 నుంచి కొత్త కార్లన్నింటికీ డ్రైవర్ ఎయిర్‌బ్యాగ్ తప్పనిసరి అయింది. అప్పుడు కొన్న బండ్లకు ఇప్పుడు వారంటీ తీరిపోయింది. స్టీరింగ్ లోపల ఉండి హారన్‌కు, ఎయిర్‌బ్యాగ్‌కు కరెంటు అందించే స్పైరల్ కేబుల్ అరిగి తెగే వయసు కూడా ఇదే. హారన్ పోవడం, స్టీరింగ్ మీది బటన్లు పనిచేయకపోవడం, తిప్పుతుంటే లోపల కరకరమనడం, డ్యాష్‌బోర్డులో ఎయిర్‌బ్యాగ్ లైటు వెలిగి ఆరకపోవడం, వీటిలో ఏది కనిపించినా అనుమానం ముందు ఆ కేబుల్ మీదికే పోతుంది.

విప్పే ముందు అసలు విప్పాల్సిన పనేనా అని చూసుకోండి. అలైన్‌మెంట్ చేయించాక స్టీరింగ్ కొంచెం వంకరగా నిలబడుతోందని కొందరు దాన్ని విప్పి ఒక పల్లు జరిపి బిగిస్తుంటారు. అది తప్పు. ఆ వంకర సరిచేయాల్సింది కింద, ముందు చక్రాలను తిప్పే కడ్డీ, అంటే టై రాడ్ దగ్గర. అలైన్‌మెంట్ చేసిన దుకాణానికే మళ్లీ వెళ్లి చేయించుకోవాలి. లెదర్ కవర్ కుట్టించడానికి కూడా స్టీరింగ్ విప్పక్కర్లేదు. స్పోర్ట్స్ స్టీరింగ్ అని ఎయిర్‌బ్యాగ్ లేని చక్రం వేయించుకోవాలనుకునేవాళ్లు మాత్రం ఆ ఆలోచనే మానుకోవాలి.

నిజంగా విప్పాల్సిన పనే అయితే నా మాట ముందే చెప్పేస్తాను. కారు ఆన్ చేయగానే ఎయిర్‌బ్యాగ్ లైటు వెలిగి, కొన్ని సెకన్లలో ఆరిపోతుంటే, మీకు పానాలు పట్టడం అలవాటుంటే, ఇల్లే మేలు. ఆ లైటు ఆరకపోయినా, అసలు వెలగకపోయినా షోరూమే మేలు. రద్దీగా ఉండే షెడ్డుకు ఈ ఒక్క పని మాత్రం ఇవ్వను. మన షెడ్డు మేస్త్రీల చేతి పనితనం మీద నాకు అనుమానం లేదు. క్లచ్ ప్లేట్లు, సస్పెన్షన్ పనులకు నేనూ వాళ్ల దగ్గరికే వెళ్తాను. కానీ ఈ పనిలో భద్రత అంతా ఓపికగా ఆగడంలోనే ఉంది. నాలుగు బండ్లు లైన్లో ఉన్నచోట అంత తీరిక ఎవరికీ ఉండదు.

ఎందుకు ఆగాలో తెలిస్తే మిగతాది తేలిక. ఎయిర్‌బ్యాగ్ పొట్లంలో మడిచిన సంచితో పాటు మందు నింపిన చిన్న లోహపు డబ్బా ఉంటుంది. గుద్దుకున్నప్పుడు కంప్యూటర్ పంపే కరెంటుతో ఆ మందు అంటుకుని వాయువు పుడుతుంది. సుమారు 30 నుంచి 40 మిల్లీసెకన్లలో సంచి పూర్తిగా ఉబ్బుతుంది. ప్రమాదంలో అన్నిటికంటే ముందు నలిగేది బానెట్ కింది బ్యాటరీ కావచ్చు. అందుకే బ్యాటరీ పోయినా బ్యాగ్ తెరుచుకునేలా ఎయిర్‌బ్యాగ్ కంప్యూటర్ లోపల కొంత కరెంటు దాచి ఉంచుతారు. మన ప్రాణం కాపాడటానికి పెట్టిన ఆ నిల్వే విప్పేటప్పుడు మనకు ప్రమాదం. బ్యాటరీ వైరు తీసిన మరుక్షణం కూడా అది పోదు, మెల్లగా దిగిపోతుంది. టొయోటా 90 సెకన్లు ఆగమంటుంది, హోండా 3 నిమిషాలంటుంది, 10 నిమిషాలు ఆగమనే కంపెనీలూ ఉన్నాయి. మీ కారు మాన్యువల్ ఎంత చెబితే అంతకు తక్కువ కాకుండా ఆగండి. నేనైతే ఏ కారుకైనా 20 నిమిషాలు వదిలేస్తాను. ఇంట్లో చాయ్ తాగి వచ్చేసరికి ఆ సమయం గడిచిపోతుంది, దానికి ఖర్చేమీ లేదు.

ఇప్పుడు షెడ్డు సంగతి. నల్గొండలో ఒకచోట నా కళ్లతో చూసింది చెబుతాను. హారన్ పోయిన బండి వచ్చింది. ఓనర్ పక్కనే నిలబడి "జల్ది కానియ్యి అన్నా, పెళ్లికి పోవాలె" అంటున్నాడు. మేస్త్రీ బ్యాటరీ జోలికే పోలేదు. తాళం ఆన్‌లోనే ఉంది. వెనక నుంచి రెండు బోల్టులు తీసి, ఎయిర్‌బ్యాగ్ లాగి, పసుపు కనెక్టర్ ఊడదీసి, పొట్లాన్ని బోర్లా తిప్పి తన తొడల మీద పెట్టుకున్నాడు. హారన్ వైరు సరిచేసి పది నిమిషాల్లో బిగించేశాడు. హారన్ మోగింది. కానీ డ్యాష్‌బోర్డులో ఎర్ర లైటు అలాగే ఉండిపోయింది. అడిగితే "అది ఏం కాదన్నా, బండి నడుస్తది గదా" అన్నాడు.

అందులో పొరపాట్లు చూడండి. తాళం ఆన్‌లో ఉండగా కనెక్టర్ తీస్తే ఎయిర్‌బ్యాగ్ పోయిందనుకుని కంప్యూటర్ లోపం నమోదు చేసుకుంటుంది. తిరిగి పెట్టినా, చాలా కార్లలో ఆ కంప్యూటర్‌ను చదివే స్కానర్ తగిలించి లోపాన్ని చెరిపేదాకా ఆ లైటు ఆరదు. లైటు వెలుగుతోందంటే ప్రమాదంలో బ్యాగ్ తెరుచుకుంటుందన్న నమ్మకం లేదు. ఇక బోర్లా పెట్టడం. కవర్ పైకి ఉండగా పేలితే సంచి గాల్లోకి ఉబ్బుతుంది, అంతే. బోర్లా ఉండగా పేలితే వెనకున్న లోహపు భాగం పైకి ఎగిరి ఎదురున్న మనిషికి తగులుతుంది. తొడల మీద పెట్టుకుంటే ఏమవుతుందో నేను చెప్పక్కర్లేదు. ఆ మేస్త్రీకి చెడు ఉద్దేశం ఏమీ లేదు. పెళ్లికి పోవాలన్న ఓనర్, లైన్లో నిలబడ్డ బండ్లు, వీటి మధ్య పని అలా జరిగిపోతుంది.

ఇంట్లో చేస్తే ఇదంతా మన చేతిలో ఉంటుంది. కారును నీడలో, సమంగా ఉన్నచోట, ముందు చక్రాలు నేరుగా ఉండేలా ఆపండి. తాళం తీసేయండి. బ్యాటరీ నెగటివ్ వైరు విప్పి, మళ్లీ తగలకుండా గుడ్డ చుట్టి పక్కకు పెట్టి, చెప్పిన సమయం ఆగండి. ఎయిర్‌బ్యాగ్ బిగింపు అన్ని కార్లకు ఒకేలా ఉండదు. కొన్నింట్లో స్టీరింగ్ వెనక నక్షత్రం ఆకారపు గుంట ఉన్న టార్క్స్ బోల్టులు ఉంటాయి. కొన్నింట్లో పక్కనున్న సన్నటి రంధ్రాల్లోంచి స్క్రూ డ్రైవర్‌తో లోపలి స్ప్రింగు తీగను నొక్కాలి. మీ మోడల్‌కు ఏదో ముందే తెలుసుకోండి, రానిదాన్ని బలవంతంగా పెకలించొద్దు. తీసే ముందు కారు బాడీ లోహాన్ని ఒకసారి చేత్తో తాకితే ఒంట్లోని స్టాటిక్ కరెంటు దిగిపోతుంది.

బ్యాగ్ ముందుకు వచ్చాక పసుపు కనెక్టర్ దగ్గర నిదానించండి. దాని నడుమ చిన్న లాక్ పలక ఉంటుంది. సన్నటి మొన ఉన్న స్క్రూ డ్రైవర్‌తో దాన్ని రవ్వంత పైకి లేపితేనే కనెక్టర్ కదులుతుంది. వైర్లు పట్టుకుని గుంజితే లాక్ విరుగుతుంది, ఆ తర్వాత ఎప్పటికీ అది గట్టిగా కూర్చోదు. ఊడిన పొట్లాన్ని కవర్ మన ఒంటి వైపు కాకుండా బయటికి ఉండేలా పట్టుకుని, కవర్ పైకి వచ్చేలా పెట్టండి. పిల్లలు తిరగని చోట, ఎండ తగలని చోట, పైన ఏ బరువూ లేకుండా ఉండాలి. మన వైశాఖంలో ఆరుబయట బండ మీద పెట్టే పని అసలే వద్దు. ఇంకొక మాట: దాని పిన్నుల మీద మల్టీమీటర్ పెట్టి చూడకండి. మీటరు పంపే కొద్దిపాటి కరెంటుకు కూడా అంటుకునే ప్రమాదం ఉంది.

స్టీరింగ్ మధ్య నట్టు గట్టిగా ఉంటుంది. చక్రం తిరగకుండా ఇంకొకరు రెండు చేతులా పట్టుకోవాలి, స్టీరింగ్ లాక్ మీద బలం పడనీయొద్దు. నట్టు బిగిసి ఉన్న కడ్డీ (షాఫ్టు) మీద, చక్రం మీద కలిపి మార్కర్‌తో ఒక గీత గీయండి. నట్టు వదులయ్యాక పూర్తిగా తీయకుండా నాలుగు చుట్లు ఉంచండి. చక్రం ఒక్కసారిగా ఊడొస్తే మూతి మీద తగలకుండా ఆ నట్టే ఆపుతుంది. రెండు వైపులా అటూ ఇటూ ఊపితే చాలావరకు వచ్చేస్తుంది, రాకపోతే చక్రాన్ని లాగి ఊడదీసే పనిముట్టు, పుల్లర్ వాడాలి. సుత్తితో షాఫ్టును కొట్టొద్దు. ప్రమాదంలో లోపలికి ముడుచుకునేలా తయారుచేసిన స్టీరింగ్ కాలమ్ అది, దెబ్బలకు పాడవుతుంది.

చక్రం తీశాక కనిపించే నల్లటి గుండ్రటి ప్లాస్టిక్ భాగమే స్పైరల్ కేబుల్. లోపల పలచటి రిబ్బన్ గడియారం స్ప్రింగులా చుట్టుకుని ఉంటుంది. స్టీరింగ్‌తో పాటు నడుమ నుంచి అటు సుమారు రెండున్నర, ఇటు రెండున్నర చుట్లు తిరగడానికి సరిపడా ఉంటుంది. చక్రం లేనప్పుడు దాన్ని వేలితో తిప్పి చూస్తే నడుమ తప్పుతుంది. బిగించాక ఏ యూటర్న్‌లోనో ఆ రిబ్బన్ తెగి హారన్, ఎయిర్‌బ్యాగ్ రెండూ పోతాయి. తీసిన వెంటనే కదలకుండా టేపు అంటించండి. కొత్తది పెడుతుంటే దాని మీదున్న బాణం గుర్తులు కలిసేలా నడుమకు తెచ్చాకే పెట్టాలి. షెడ్డుల్లో ఎక్కువగా చెడేది ఇక్కడే. కుర్రవాడు పార్టును చేతిలో పట్టుకుని ఊరికే తిప్పుతూ ఉంటాడు.

తిరిగి బిగించేటప్పుడు గీతలు కలపాలి, నట్టును కంపెనీ చెప్పిన టార్క్‌కే, అంటే చెప్పినంత బిగుతుకే బిగించాలి. కొత్త నట్టు వాడమని కంపెనీ చెబితే పాతది వాడొద్దు. టార్క్ రెంచ్ లేకపోతే తెలిసినవాళ్ల దగ్గర తెచ్చుకునే దాకా పని ఆపండి. స్టీరింగ్ నట్టును అంచనాతో బిగించడం నాకు నచ్చదు. బ్యాటరీ వైరు పెట్టేటప్పుడు కారులో ఎవరూ ఉండకూడదు. తాళం ఆన్ చేసేటప్పుడు స్టీరింగ్‌కు ఎదురుగా కూర్చోకుండా పక్క నుంచి చెయ్యి చాపి తిప్పండి. లైటు వెలిగి ఆరితే పని సవ్యంగా అయినట్టే.

ఇంటి పనికి ఉన్న పెద్ద లోటు స్కానర్. కారు కంప్యూటర్‌కు తగిలించి లోపాల కోడ్‌లు చదివే చవక ఓబీడీ రీడర్లు మార్కెట్లో దొరుకుతాయి. అవి ఇంజన్ కోడ్‌లు చదువుతాయి గానీ, చాలావాటికి ఎయిర్‌బ్యాగ్ కోడ్‌లు అందవు. లైటు ముందే ఆరకుండా ఉన్న బండిని ఇంట్లో విప్పొద్దనడం అందుకే. జబ్బు కేబుల్‌దా, కనెక్టర్‌దా, బ్యాగ్‌దేనా అన్నది విప్పి చూస్తే తెలియదు, కోడ్ చదివితేనే తెలుస్తుంది. సెకండ్ హ్యాండ్ కారు కొన్నవాళ్లు ఇంకో సంగతి గమనించాలి. తాళం తిప్పగానే ఆ లైటు అసలు వెలగకపోతే ఎవరో ఆ లైటునే తీసేసి ఉండొచ్చు. పేలిపోయిన బ్యాగ్ స్థానంలో చిన్న రెసిస్టర్ పెట్టి లైటు ఆర్పేసేవాళ్లూ ఉన్నారు. పైన కవర్ మామూలుగానే ఉంటుంది, లోపల ఏమీ ఉండదు. అలాంటి అనుమానం ఉన్న బండి నేరుగా షోరూంకే పోవాలి.

షోరూంలో బిల్లు వేలల్లోకి వెళ్తుంది, బండి రోజంతా అక్కడే ఉంటుంది. ఊళ్లో మీ కంపెనీ షోరూం లేకపోతే హైదరాబాద్ దాకా పోవాలి. అయినా మూడు సందర్భాల్లో ఇంకో ఆలోచన వద్దు. వారంటీలో ఉన్న కారు, లైటు ఆరని కారు, రీకాల్‌లో ఉన్న (లోపం ఉందని కంపెనీయే వెనక్కి పిలిచిన) కారు. మూడోది మనవాళ్లు పట్టించుకోరు. టకాటా కంపెనీ తయారుచేసిన ఇన్‌ఫ్లేటర్లలో, అంటే ముందు చెప్పిన మందు డబ్బాల్లో, అమ్మోనియం నైట్రేట్ వాడారు. ఏళ్ల తరబడి వేడికి, తేమకు అది పాడై, బ్యాగ్ తెరుచుకునేటప్పుడు లోహపు డబ్బానే బద్దలై ముక్కలు మనిషి మీదికి వచ్చాయి. ఎన్నో దేశాల్లో ప్రాణాలు పోయాయి, కోట్ల సంఖ్యలో వాటిని వెనక్కి పిలిచారు, ఆ కంపెనీ 2017లో దివాలా తీసింది. మన దేశంలోనూ కొన్ని కంపెనీల పాత కార్లు ఆ రీకాల్‌లో ఉన్నాయి. పాలమూరు, నల్గొండ ఎండల్లో ఏళ్ల తరబడి నిలబడ్డ పాత కారు మీ దగ్గరుంటే, స్టీరింగ్ ముట్టుకోక ముందే కంపెనీ వెబ్‌సైట్‌లో ఛాసిస్ నంబర్ కొట్టి చూడండి. రీకాల్ ఉంటే కంపెనీయే ఉచితంగా మారుస్తుంది.

ఇంటికి వచ్చి చేసే మెకానిక్ సర్వీసులు ఉన్నాయి. వచ్చిన మనిషి బ్యాటరీ తీసి ఆగితే మంచిదే, లేకపోతే షెడ్డుకూ దానికీ తేడా లేదు. విజయవాడ హైవే మీద ఉన్నాం కదా అని పాత పార్టులు అమ్మే ఆటోనగర్ నుంచి పాత ఎయిర్‌బ్యాగ్ తెచ్చుకోవడం మాత్రం వద్దు. అది ఏ ప్రమాదంలో నుంచి వచ్చిందో, నీళ్లలో నానిందో చూసి చెప్పడం ఎవరి తరమూ కాదు.

షోరూంకు ఇచ్చినా, తప్పనిసరై షెడ్డుకే ఇచ్చినా, బండి అప్పగించేటప్పుడే రెండు మాటలు చెప్పండి: బ్యాటరీ తీసి ఆగాకే విప్పాలి, తీసిన పాత పార్టు నాకు చూపాలి. షోరూంలో అయితే పని ముందు, తర్వాత స్కాన్ రిపోర్టులు కూడా అడిగి తీసుకోండి. బ్యాటరీ తీశాక గడియారం, రేడియో స్టేషన్లు పోతాయి, కొన్ని కార్లలో పవర్ విండో ఒక్క నొక్కుకు పైదాకా పోదు. అద్దాన్ని పూర్తిగా పైకి లేపి బటన్‌ను కొన్ని సెకన్లు అలాగే పట్టుకుంటే చాలా కార్లలో అది తిరిగి కుదురుకుంటుంది.