కాలాన్ని నాదంగా మార్చే పద్ధతి: చాలాకాలం వాడాక తేలినవి

సూత్రం చిన్నదే. ఒక కాలచక్రం ఎన్ని సెకన్లో చూసి, ఒకటిని ఆ సంఖ్యతో భాగించి, వచ్చిన పౌనఃపున్యాన్ని చెవికి అందేదాకా రెట్టిస్తూ పోవాలి. ఒక్కో రెట్టింపు ఒక్కో స్థాయి పైకి. రోజుకు 86,400 సెకన్లు. 24 సార్లు రెట్టిస్తే 194.18 హెర్ట్జ్. చాంద్రమాసం 29 రెట్టింపులకు 210.42, సంవత్సరం 32 రెట్టింపులకు 136.10. స్విస్ గణితజ్ఞుడు హాన్స్ కుస్టో 1978లో వేసిన లెక్క ఇది. లెక్క వరకూ తప్పేమీ లేదు. ఈ అంకెలు వింటే రోగాలు పోతాయనే ప్రచారంతో మాత్రం ఈ సమీక్షకు పని లేదు.

తీర్పు ముందే చెప్పేస్తాను. ఒక్క చక్రాన్నే మార్చుకుంటే చేతికొచ్చేది శ్రుతిపెట్టె. 136.10 వింటున్నవాళ్లకు అది సంవత్సరమని ఎలా తెలుస్తుంది? కాస్త దిగిన సి షార్ప్‌లా ఉంటుంది, అంతే. రెండు చక్రాలు పక్కపక్కన పెట్టినప్పుడే ఈ పద్ధతికి ప్రాణం వస్తుంది.

అన్నిటికన్నా నచ్చిన జోడీ సౌర దినం, నాక్షత్ర దినం. నక్షత్రాలతో కొలిస్తే భూమి ఒక చుట్టు తిరగడానికి 86,164 సెకన్లే పడుతుంది. దాన్నీ 24 సార్లు రెట్టిస్తే 194.71 హెర్ట్జ్. దీన్ని 194.18తో కలిపి మోగిస్తే నాదం 1.88 సెకన్లకోసారి ఉబ్బి తగ్గుతుంది. ఆ ఊపు కాకతాళీయం కాదు. సౌర దినానికీ నాక్షత్ర దినానికీ తేడా తెచ్చేది సూర్యుడి చుట్టూ భూమి చేసే ప్రదక్షిణే కాబట్టి, వినిపించే విస్పందనం (దగ్గరి స్వరాలు రెండు కలిస్తే పుట్టే ఊపు) సాక్షాత్తూ సంవత్సరమే, 24 స్థాయిలు పైకొచ్చిన రూపంలో. అదే ఊపును ఇంకో ఎనిమిది స్థాయిలు ఎక్కిస్తే మళ్లీ 136.10 దగ్గరే తేలతాం. ఇది ఒక్కసారి చెవికెక్కితే పద్ధతి మీద గురి కుదురుతుంది.

అయితే ఈ ఊపు చాలామందికి మొదటిసారి వినపడదు. రెండు స్వరాల మధ్య తేడా అయిదు సెంట్లు (అర్ధస్వరంలో నూరో వంతు ఒక సెంటు) కూడా లేదు మరి. మిడి కీబోర్డులో (స్వరాలను కంప్యూటరుకు అంకెలుగా పంపేది) 55వ నంబరు జి నొక్కి వదిలేస్తే 196.00 మోగుతుంది, సౌర దినానికి అది 16 సెంట్లు ఎక్కువ. పిచ్ బెండ్ (స్వరాన్ని కాస్త పైకో కిందికో వంచే అంకె) తప్పదు. బెండ్ పరిధి రెండు అర్ధస్వరాలుగా ఉంటే, మధ్య విలువ 8192 బదులు సౌర దినానికి 7532, నాక్షత్ర దినానికి 7725 పెట్టాలి. పరిధి 12 అర్ధస్వరాలుగా ఉన్న వాద్యంలో ఇవే అంకెలు వేస్తే శ్రుతి ఎక్కడికో పోతుంది, ముందు అది చూసుకోండి. ఇంకో పొరపాటు, రెండు స్వరాలనూ ఒకే మిడి చానెల్‌లో (స్వరాల ఆదేశాలు వెళ్లే దారి) పెట్టడం. బెండ్ చానెల్ మొత్తానికీ వర్తిస్తుంది కాబట్టి రెండూ కలిసే వంగుతాయి, తేడా పోతుంది. విడి చానెళ్లు వాడాలి. ఒకటి ఎడమ చెవికి, ఒకటి కుడి చెవికి పంపకూడదు. రెండూ ఒకే తరంగంగా కలిస్తేనే ఊపు గట్టిగా తెలుస్తుంది. వాద్యం కూడా శుద్ధమైన సైన్ తరంగమే (ఒకే పౌనఃపున్యం ఉన్న ధ్వని) కావాలి. తీగవాద్యం ధ్వని పెడితే రెండో హార్మోనిక్ (మూల స్వరానికి రెండింతల పౌనఃపున్యం) రెండింతల వేగంతో, మూడోది మూడింతల వేగంతో ఊగుతూ ఏడాదిని గజిబిజి చేస్తాయి. వినడానికి అదే బాగుంటుందనుకోండి, కానీ అది వేరే సంగతి.

లయనే స్వరంగా మార్చే దారి ఇంకొకటి. సెకనుకు రెండు దెబ్బలు, మూడు దెబ్బలు వేసే రెండు లయలను ఏడేసి స్థాయిలు ఎక్కిస్తే 256, 384 హెర్ట్జ్ అవుతాయి, అంటే షడ్జ పంచమాలు. నాలుగుకు అయిదు వేసే లయలైతే అంతర గాంధారం. దెబ్బల వేగం సెకనుకు ఇరవై దాటే చోట చెవి లెక్క మానేసి శ్రుతి పట్టుకుంటుంది. ఆ సరిహద్దును నెమ్మదిగా దాటించాలి, ఒక్క స్థాయికి కనీసం అయిదారు సెకన్లు ఇవ్వండి. అమెరికన్ స్వరకర్త హెన్రీ కోవెల్ కోసం రష్యన్ ఆవిష్కర్త థెరెమిన్ 1930ల మొదట్లో కట్టిన రిథ్మికాన్ అనే వాద్యం ఇదే చుట్టరికాన్ని యంత్రంలో పెట్టింది: ఏ నిష్పత్తిలో స్వరం ఉందో, అదే నిష్పత్తిలో ఆ స్వరం మళ్లీ మళ్లీ మోగుతుంది.

ఇక్కడ చెడేది శాంపిళ్ల (కంప్యూటరు ధ్వనిని అంకెలుగా దాచే కొలతలు) దగ్గర. సెకనుకు 44,100 శాంపిళ్లయితే 384 హెర్ట్జ్‌కు దెబ్బకూ దెబ్బకూ మధ్య 114.84 శాంపిళ్లు రావాలి. ప్రోగ్రామ్ దాన్ని 115 చేస్తుంది, 256కు కావలసిన 172.27ను 172 చేస్తుంది. ఫలితంగా పంచమం సెకనుకు రెండు సార్లకు పైగా వణుకుతుంది, తప్పు చెవిదని అనుకుంటాం. 96,000కి మారిస్తే 250, 375 శాంపిళ్లు, శేషం సున్నా. వణుకు పోతుంది.

ఇక కొలతల వరుసనే నేరుగా ధ్వనిగా మోగించడం. సముద్రపు నీటిమట్టం గంటకోసారి తీసిన కొలతలు దీనికి బాగా కుదురుతాయి, ఏడాదికి 8,760 అంకెలు. చంద్రుడి పోటు 12.42 గంటలకు, సూర్యుడి పోటు 12 గంటలకు వస్తాయి. సెకనుకు 8,000 అంకెల వేగంతో నడిపితే 644, 667 హెర్ట్జ్. వాటి విస్పందనాలు సెకనుకు 22 దాటి గరగరగా మారతాయి. 1,000 వేగంతో ఊపు హాయిగా ఉంటుంది కానీ స్వరాలు 80 హెర్ట్జ్ దగ్గరికి దిగి చిన్న స్పీకర్లలో మాయమవుతాయి. 2,000 దగ్గర రాజీ కుదిరింది: 161, 167 హెర్ట్జ్, సెకనుకు అయిదారు ఊపులు. ఒక్కో ఊపు ఒక అమావాస్య నుంచి పౌర్ణమి దాకా. ఏడాది మొత్తం నాలుగున్నర సెకన్ల లోపే ముగుస్తుంది కాబట్టి పదేళ్ల కొలతలైనా లేకపోతే మజా ఉండదు.

మోగించే ముందు మొత్తం సగటును ప్రతి అంకెలోంచీ తీసేయాలి, లేకపోతే మొదట్లోనే టప్పుమంటుంది. కొలతలు లేని చోట సున్నాలు నింపినా అంతే. రెండు మూడు గంటల ఖాళీని సరళరేఖతో కలిపేయొచ్చు. పూట దాటితే సరళరేఖ పోటునే చెరిపేస్తుంది. అప్పుడు అటూ ఇటూ యాభై అంకెల పాటు ధ్వనిని తగ్గించి మౌనంగా వదలడమే మేలు. గడియారాలను ఏడాదికి రెండుసార్లు జరిపే దేశాల కొలతలను స్థానిక సమయంతో వాడకండి. ఒక గంట జరిగితే సూర్యుడి పోటు తరంగం 30 డిగ్రీలు దుముకుతుంది, వసంతంలో ఒకసారి, శరత్తులో ఒకసారి. పదేళ్ల ధ్వనిలో ఆ ఇరవై చోట్లా గతుకులు తెలుస్తాయి. యూటీసీలోకి (ఇలా జరగని ప్రపంచ ప్రామాణిక సమయం) మార్చాకే మొదలుపెట్టాలి.