హానిబల్‌ను ఎదుర్కోవడానికి ఏది మేలు: ఫేబియస్ ఓర్పా, స్కిపియో దూకుడా?

క్రీ.పూ. 218లో, ఉత్తర ఆఫ్రికాలో రోమ్‌కు పోటీగా ఉన్న కార్తేజ్ సేనాని హానిబల్ ఆల్ప్స్ దాటి ఇటలీలోకి దిగాడు. ఆ తర్వాత పదహారేళ్లు రోమ్‌ను ఒకటే ప్రశ్న వేధించింది. ఈ మనిషితో ఎలా పోరాడాలి? రోమన్లు మూడు దారులు తొక్కి చూశారు. ఎదురెళ్లి ఢీకొట్టడం, ఢీకొట్టకుండా వెంటపడి విసిగించడం, అతన్ని ఇటలీలోనే వదిలేసి కార్తేజ్ గడ్డ మీదికే యుద్ధాన్ని తీసుకెళ్లడం. చివరికి ఆఫ్రికాలో జామా దగ్గర హానిబల్‌పై గెలిచింది రోమన్ సేనాని స్కిపియో కాబట్టి పేరంతా మూడో దారికే వచ్చింది. నేను మాత్రం ఫేబియస్ తొక్కిన రెండో దారికే ఎక్కువ మార్కులు వేస్తాను, ఒక షరతుతో.

మొదటి దారి గురించి ఎక్కువ చెప్పుకోనక్కర్లేదు. 218లో ట్రెబియా, 217లో ట్రాసిమీన్ సరస్సు, 216 ఆగస్టులో కాన్నే, మూడూ రోమ్ ఓటములే. కాన్నే దగ్గర రోమ్ దాదాపు 80 వేల పదాతి దళాన్ని దించింది. హానిబల్ దగ్గర ఉన్నది అందులో సగమే, అశ్వదళంలో మాత్రం అతనిదే పైచేయి. అతని నడిమి వరుస కావాలనే వెనక్కి తగ్గింది. రోమన్లు లోపలికి తోసుకెళ్లారు. రెండు పక్కల నుంచి ఆఫ్రికా సైనికులు, వెనక నుంచి గుర్రాలు మూసుకొచ్చాయి. లోపల చిక్కినవాళ్లకు కత్తి ఎత్తే జాగా కూడా లేకపోయింది. చనిపోయిన రోమన్లు ప్రాచీన చరిత్రకారుల్లో లివీ లెక్కలో 48 వేలు, పాలిబియస్ లెక్కలో 70 వేలు. ఏ లెక్క తీసుకున్నా, హానిబల్ కోరుకున్న చోట, కోరుకున్న రోజున అతనితో తలపడటం ఆత్మహత్యేనని తేలిపోయింది.

ఈ సంగతి ఒక ఏడాది ముందే కనిపెట్టినవాడు క్వింటస్ ఫేబియస్ మాక్సిమస్. ట్రాసిమీన్ ఓటమి తర్వాత అతన్ని ఆరు నెలల డిక్టేటర్‌గా, అంటే ఆపద వేళ సర్వాధికారాలూ ఉండే అధికారిగా పెట్టారు. అతను చేసింది చూడ్డానికి ఏమీ చేయనట్టే ఉంటుంది. హానిబల్ సైన్యం మైదానంలో నడిస్తే తను కొండల అంచున నడిచేవాడు. మేత కోసం, తిండి కోసం విడిపోయి తిరిగే చిన్న గుంపులను పట్టుకుని నరికేవాడు. పూర్తి యుద్ధానికి మాత్రం దొరికేవాడు కాదు. పరాయి దేశంలో ఉన్న సైన్యానికి రోజూ ధాన్యం కావాలి, చచ్చిన సైనికుడి స్థానంలో కొత్తవాడు రావాలి. రోమ్‌కు ఈ రెండూ ఇంటి దగ్గరే ఉన్నాయి, హానిబల్‌కు లేవు. ఫేబియస్ పందెం కాసింది ఆ తేడా మీదే.

అయితే ఆ రోజుల్లో ఈ పద్ధతిని జనం భరించలేకపోయారు. దక్షిణ ఇటలీలోని కాంపానియా పొలాలు కళ్లముందే తగలబడుతుంటే తమ సైన్యం కొండ మీద నుంచి చూస్తూ నిలబడింది. ఒక కనుమలో హానిబల్‌ను దాదాపు బిగించాక కూడా అతను తప్పించుకున్నాడు. ఎద్దుల కొమ్ములకు కట్టెల కట్టలు కట్టి, రాత్రివేళ నిప్పంటించి కొండ మీదికి తోలించాడు. ఆ మంటల కదలికను సైన్యం అనుకుని కనుమ కాపలావాళ్లు అటు పరిగెత్తారు, ఇటు అసలు సైన్యం జారిపోయింది. పైగా హానిబల్ అన్ని పొలాలూ తగలబెట్టి ఫేబియస్ పొలాన్ని మాత్రం ముట్టుకోలేదు, లోపాయికారీ ఒప్పందం ఉందని జనం అనుకోవాలని. ఫేబియస్ ఆ పొలాన్నే అమ్మించి, ఆ డబ్బుతో ఖైదీలను విడిపించాడు. దూకుడు కావాలన్న అతని ఉపసేనాని మినూషియస్‌కు అతనితో సమానంగా అధికారం ఇచ్చారు. మినూషియస్ వెంటనే హానిబల్ ఉచ్చులో పడ్డాడు, కొండ దిగి వచ్చి కాపాడింది ఫేబియసే. అంత చూశాక కూడా మరుసటి ఏడాది కాన్నేకి వెళ్లారంటే, ఓర్పుకు ప్రజలను ఒప్పించడం ఎంత కష్టమో తెలుస్తుంది.

నా దృష్టిలో అసలు మలుపు కాన్నే తర్వాతి వారాల్లోనే ఉంది. హానిబల్ సంధి మాట కదిపితే రోమ్ అతని దూతను దగ్గరికే రానివ్వలేదు. శోకానికి 30 రోజుల గడువు పెట్టారు. 8 వేల మంది బానిసలను ప్రభుత్వం కొని సైన్యంలో చేర్చింది. అక్కడి నుంచి ఇటలీలో ఫేబియస్ పద్ధతే ప్రధానంగా నడిచింది. హానిబల్ వైపు తిరిగిన నగరాలను ఒక్కొక్కటిగా వెనక్కి లాక్కున్నారు. 211లో కాపువా, 209లో ఫేబియస్ చేతుల మీదుగానే టారెంటం. హానిబల్ ఏ ఊరిని కాపాడటానికి వెళ్తే ఇంకో ఊరు పోయేది.

ఇక నా షరతు. ఓర్పుకు ఖర్చుంది, ఆ ఖర్చు పడింది ఇటలీ రైతుల మీద. 209లో 30 లాటిన్ వలస నగరాల్లో 12 ఇక మనుషులనూ డబ్బునూ ఇవ్వలేమని చేతులెత్తేశాయి. ఏళ్ల తరబడి దున్నని పొలాలు, తిరిగిరాని కొడుకులు. ఇంకో పదేళ్లు ఇలాగే అంటే రోమ్ లోపలి నుంచే విరిగేది. ఫేబియస్ దారి ఓడిపోకుండా కాపాడుతుంది, యుద్ధాన్ని ముగించదు.

ముగించింది స్కిపియో. స్పెయిన్‌లో న్యూ కార్తేజ్‌ను 209లో పట్టుకున్నాడు, 206లో ఇలిపా దగ్గర గెలిచి అక్కడ కార్తేజ్ పనిపట్టాడు. 205లో కాన్సుల్ (రోమ్‌లో ఏడాదికి ఎన్నికయ్యే అత్యున్నత అధికారి) అయి ఆఫ్రికా వెళ్తానంటే సెనేట్‌లో గట్టిగా అడ్డుపడింది ముసలి ఫేబియసే. ముందు ఇటలీలో ఉన్న హానిబల్ సంగతి చూడమన్నాడు. కార్తేజ్‌తో అంతకుముందు జరిగిన మొదటి యుద్ధంలో ఆఫ్రికా వెళ్లి పట్టుబడ్డ రోమన్ సేనాని రెగ్యులస్ గతి రోమ్‌లో ఎవరూ మరిచిపోలేదు కాబట్టి ఆ భయం ఊరికే పుట్టింది కాదు. కానీ అప్పటికి పరిస్థితి మారింది. 207లో మెటారస్ దగ్గర హానిబల్ తమ్ముడు హస్‌డ్రుబల్ సైన్యంతో సహా నాశనమయ్యాడు. హానిబల్ ఇటలీ కాలి బొటనవేలి దగ్గర బ్రుటియంలో ఒదిగిపోయాడు. ఇంకా కాచుకుని కూర్చోవడంలో అర్థం లేదు. ఇక్కడ ఫేబియస్ పొరబడ్డాడు.

ఒక విషయం చాలామంది గమనించరు. 218లో యుద్ధం మొదలైనప్పుడు రోమ్ వేసుకున్న తొలి పథకమే ఆఫ్రికా దండయాత్ర. సెంప్రోనియస్ అనే కాన్సుల్ అందుకోసం సిసిలీ దాకా వెళ్లాడు కూడా. హానిబల్ ఆల్ప్స్ దిగేసరికి అతన్ని హడావుడిగా వెనక్కి పిలిపించారు. అంటే స్కిపియో ఆలోచన కొత్తది కాదు, దానికి కాలం కలిసొచ్చింది 204లోనే. ఆ కాలాన్ని కొనిపెట్టింది ఫేబియస్ పద్ధతి. స్కిపియో తనతో తీసుకెళ్లిన వాళ్లలో కాన్నే నుంచి బతికి బయటపడి, శిక్షగా సిసిలీలో పడి ఉన్న సైనికులు కూడా ఉన్నారు. ఓడినవాళ్లుగా ముద్రపడ్డ వాళ్లే 202లో జామా మైదానంలో నిలబడ్డారు. ఏనుగులు మీదికొస్తే వరుసల మధ్య వదిలిన సందుల్లోంచి వాటిని వెనక్కి పోనిచ్చారు. చివర్లో రోమ్ పక్షాన ఉన్న నుమిడియా రాజు మాసినిస్సా, స్కిపియో సహచరుడు లేలియస్‌ల అశ్వదళం వెనక నుంచి వచ్చి పడింది, కాన్నేలో హానిబల్ చేసినట్టే.

కాబట్టి 217లో, 216లో నన్నడిగితే కళ్లు మూసుకుని ఫేబియస్ అంటాను. 205లో అడిగితే స్కిపియో. రెంటిలో ఒక్కటే దక్కుతుందంటే మాత్రం ఫేబియస్‌నే ఎంచుకుంటాను. స్కిపియో దండయాత్ర ఒక ఏడాది ఆలస్యమైనా రోమ్ నిలిచేది, కాన్నే తర్వాత ఇంకొక్క కాన్నే జరిగి ఉంటే ఆఫ్రికాకు పంపడానికి సైన్యమే మిగిలేది కాదు.