సల్కాటా, రెడ్‌ఫుట్ తాబేళ్లు: ఏళ్ల తరబడి పెంచాక వాటి తీరుపై సమీక్ష

తాబేలు అంటే నెమ్మదిగా ఒక మూల పడి ఉంటుందని, ఫ్లాట్‌లో ఎవరైనా పెంచుకోవచ్చని చెప్పి అమ్ముతారు. ఆ మాట నమ్మి కొనకండి. ఒంటికి తగిన వేడి దొరికిన తాబేలు పగలంతా తిరుగుతుంది, తవ్వుతుంది, అడ్డొచ్చినదాన్ని తోస్తుంది, ఎక్కగలిగిన చోటికల్లా ఎక్కుతుంది. మూల పడి ఉన్నదంటే చాలాసార్లు దానికి చలిగా ఉందనో, ఒంట్లో నీళ్లు తగ్గాయనో అర్థం. మొండిది, పిరికిది, కోపిష్టిది అని మనం పెట్టే పేర్లు చాలా వరకు అది ఉంటున్న చోటు గురించి చెప్పేవే. ఆ చోటు సరిచేస్తే అదే తాబేలు తీరు మారిపోతుంది.

నక్షత్ర తాబేలు ఈ సమీక్షలో లేదు, ఉండకూడదు కూడా. మన దేశపు అడవి ప్రాణి అది. వన్యప్రాణి సంరక్షణ చట్టంలో 2022 సవరణ తర్వాత మొదటి షెడ్యూల్లో, అంటే అన్నిటికన్నా గట్టి రక్షణ ఉన్న జాబితాలో ఉంది. కొనడం, ఇంట్లో ఉంచుకోవడం నేరం. ఇంటికి కలిసొస్తుందని ఎవరు చెప్పినా వద్దనండి. చెవి దగ్గర ఎర్ర చారతో అక్వేరియం షాపుల్లో అమ్మే చిన్న ఆకుపచ్చ తాబేళ్లు వేరే జాతి. అవి నీటి తాబేళ్లు, వాటి పెంపకం పూర్తిగా వేరు. విసుగొచ్చిందని వాటిని చెరువులో మాత్రం వదలకండి, అక్కడి మన తాబేళ్ల తిండికి, చోటుకి పోటీ వస్తాయి.

ఇక హైదరాబాద్‌లో ఎక్కువగా పెంచే నేల తాబేళ్లు రెండు. ఆఫ్రికాలో సహారాకి దక్షిణపు అంచున పుట్టిన సల్కాటా, దక్షిణ అమెరికా అడవి అంచుల నుంచి వచ్చిన రెడ్‌ఫుట్.

సల్కాటాకి భయం తక్కువ. పిల్లప్పుడు అందరికీ నచ్చేది అందుకే. కొత్త మనిషిని చూసినా కాసేపటికే తల బయట పెడుతుంది, చేతిలో ఆకు కనిపిస్తే నేరుగా వచ్చేస్తుంది. కానీ అదే ధైర్యం పెద్దయ్యాక బలం అవుతుంది. పదేళ్లు దాటిన సల్కాటాని ఎత్తాలంటే ఇద్దరు కావాలి. ఎదిగిన మగది 45 కిలోలు కూడా దాటుతుంది. అప్పటికి అది పూలకుండీని తోసుకుంటూ పోతుంది, ఇనుప మెష్ తలుపుని వంచుతుంది. అడ్డు తీయకపోతే తిరిగి వెళ్లదు, గంటసేపైనా అక్కడే తోస్తుంది. ఇక తవ్వకం. సొంత ఊళ్లో ఎండ నుంచి, చలి నుంచి దాన్ని కాపాడేది బొరియే, కాబట్టి మీటర్ల పొడవున తవ్వుతుంది. పెరట్లో పెంచాలంటే ప్రహరీ పునాది కనీసం రెండడుగులు లోతుండాలి. నా తీర్పు సూటిగా చెబుతాను: శంషాబాద్, మొయినాబాద్ వైపు సొంత మట్టి స్థలం ఉన్నవాళ్లు తప్ప సల్కాటా జోలికి వెళ్లొద్దు. మూడో అంతస్తు బాల్కనీలో సల్కాటాని పెంచడం దానికి శిక్షే.

రెడ్‌ఫుట్ దీనికి దాదాపు పూర్తి విరుద్ధం. పెద్దయినా సాధారణంగా 30 నుంచి 35 సెంటీమీటర్లు. నీడ, తడి, ఆకుల గుట్ట దొరికితే చాలు. మొదట్లో బిడియం ఎక్కువ, కొత్త ఇంట్లో ఒకటి రెండు వారాలు గూట్లోంచి రాకపోవచ్చు. ఒకసారి అలవాటు పడితే మాత్రం సల్కాటా కంటే చురుగ్గా చుట్టూ చూస్తుంది. దారి గుర్తుపెట్టుకోవడంలో రెడ్‌ఫుట్ గట్టిదని పరిశోధనల్లోనూ తేలింది. 2010లో వచ్చిన ఒక ప్రయోగంలో, వీ ఆకారపు కంచెని చుట్టి తిండి దగ్గరికి ఎలా వెళ్లాలో ఇవి ఇంకో తాబేలుని చూసి నేర్చుకున్నాయి. ఇంట్లోనూ ఇది కనిపిస్తుంది. ఏ తలుపు ఏ పూట తెరుస్తారో తెలుసుకుని ముందే వచ్చి నిలబడుతుంది.

బుసకొడితే కోపం అనుకోకండి. తల, కాళ్లు ఒక్కసారిగా లోపలికి లాక్కున్నప్పుడు ఊపిరితిత్తుల మీద ఒత్తిడి పడి గాలి బయటికి తన్నుకొస్తుంది, ఆ చప్పుడే అది. పైనుంచి చెయ్యి వచ్చినప్పుడు ఎక్కువగా ఇలా చేస్తుంది, ఎందుకంటే నీడ పైనుంచి పడటం అంటే దానికి గద్ద, నక్క. ఎదురుగా, నేల మట్టంలో, కాస్త పక్క నుంచి వెళ్లండి. రోజూ ఒకే వేళకి, ఒకే చోట నేల మీద కూర్చుని పలకరాయి ముక్క మీద మందార పువ్వు పెట్టండి. చేత్తో తినిపిస్తే వేలికీ ఆకుకీ తేడా తెలియక కరిచే అలవాటు పడుతుంది. నెల రెండు నెలల్లో బుస తగ్గుతుంది, అడుగుల చప్పుడుకి ఎదురొస్తుంది. మెడ కింద మెల్లగా రాస్తే కొన్ని మెడ చాపి ఇస్తాయి, కొన్నింటికి అసలు నచ్చదు. డిప్పకి స్పర్శ తెలుస్తుంది, దాని మీద కొట్టడం, రంగులు వేయడం, స్టిక్కర్లు అంటించడం చేయకూడదు.

ఎత్తుకోవడం దేనికీ ఇష్టం ఉండదు. కాళ్లు గాలిలో ఆడిస్తుందంటే ఆడుకుంటోందని కాదు, నేల కోసం వెతుకుతోందని. భయంతో మూత్రం పోస్తుంది, దాంతో ఒంట్లో దాచుకున్న నీళ్లు పోతాయి. తప్పనిసరైతే రెండు చేతులతో, పొట్ట కింద అరచెయ్యి ఆనించి ఎత్తండి. పిల్లలకి ఇవ్వాల్సి వస్తే నేల మీదే ఉంచి చూపించండి. తర్వాత సబ్బుతో చేతులు కడిగించండి, సాల్మొనెల్లా క్రిములు ఆరోగ్యంగా కనిపించే తాబేలు మీదా ఉంటాయి. ఐదేళ్ల లోపు పిల్లలున్న ఇంట్లో ఈ జాగ్రత్త ఇంకా ముఖ్యం.

కాలి వేళ్లు కరుస్తోందన్న ఫిర్యాదు మన ఇళ్లలో తరచూ వింటాం. గోళ్ల రంగు, పారాణి, పండిన గోరింటాకు చూస్తే దానికి పండు గుర్తొస్తుంది. ఎరుపు, పసుపు కనిపిస్తే రుచి చూడకుండా వదలదు. చెప్పులు వేసుకుంటే చాలు. ఎదిగిన మగ సల్కాటా బూటుని ఢీకొట్టడం మాత్రం వేరు. కదిలే నల్లటి గుండ్రటి వస్తువు ఇంకో మగదిగా తోస్తుంది. గొంతు కింద ముందుకి పొడుచుకొచ్చిన డిప్ప భాగాన్ని ఎదుటిదాని కిందికి దూర్చి తిరగేయడమే దాని పోరాటం. ఆ సమయంలో దాన్ని వెనక్కి నెట్టకండి, రెచ్చిపోతుంది. చూపు ఆగేలా మధ్యలో ప్లైవుడ్ ముక్క అడ్డం పెట్టి పక్కకి తప్పుకోండి. మగ రెడ్‌ఫుట్ ఎదుటి మగదానికి తల ఒక పక్కకి విదిలిస్తూ సవాలు చేస్తుంది. జత కట్టే వేళ కోడిపెట్ట కొక్కరించినట్టు చప్పుడు చేస్తుంది. జబ్బు అనుకుని కంగారు పడేవాళ్లున్నారు, అక్కర్లేదు.

ఒక్కటే ఉంటే దిగులు పడుతుందని రెండోది తెస్తారు. దయచేసి ఆ పని చేయకండి. ఇవి గుంపుగా బతికే ప్రాణులు కావు. ఒకదాని మీద ఒకటి పడుకున్న ఫొటో ముద్దుగానే ఉంటుంది, నిజానికి పైది ఆ వెచ్చని చోటు లాక్కుంటోంది. బెదిరింపు చప్పుడు లేకుండా సాగుతుంది: వెంట తిరగడం, తిండి మీద అడ్డంగా కూర్చోవడం, గూడు వాకిలి మూయడం, ముందు కాళ్లు కొరకడం. ఒకేసారి తెచ్చిన రెండు పిల్లల్లో కొన్ని నెలలకి ఒకటి బాగా పెరిగి రెండోది గిడసబారిందంటే కారణం ఇదే. వెంటనే ఒకదాని కంటికి ఇంకొకటి కనపడకుండా విడగొట్టాలి. పోట్లాటలో వెల్లకిలా పడిన తాబేలు ఎండలో మళ్లీ బోర్లా పడలేకపోతే ఒళ్లు వేడెక్కి చనిపోతుంది.

గోడ వెంబడి ఒకటే తిరగడం, మూలలు గీరడం. అద్దం లేదా గ్రిల్ అవతల కనిపిస్తున్నది దానికి దారే. కింద నుంచి 45 సెంటీమీటర్ల ఎత్తు వరకు చూపు ఆగేలా పలక బిగిస్తే చాలాసార్లు రెండు మూడు రోజుల్లో ఆగుతుంది. బాల్కనీ రెయిలింగ్ సందులోంచి పడిపోకుండానూ అదే కాపాడుతుంది. ఆగలేదంటే చోటు చాలడం లేదు. ఇక్కడ ఒకటి జాగ్రత్తగా గమనించాలి: ముందు కాళ్లతో తవ్వితే బొరియ కోసం, వెనక కాళ్లతో తవ్వితే గుడ్ల కోసం. మగది లేకపోయినా ఆడది గుడ్లు పెట్టగలదు. 30 సెంటీమీటర్ల లోతు తడి మట్టి దొరకకపోతే గుడ్లు లోపలే ఆపుకుని ప్రాణం మీదికి తెచ్చుకుంటుంది.

మన ఊరి వాతావరణం వీటి తీరుని నెలనెలా మారుస్తుంది. ఏప్రిల్, మే నెలల్లో ఎండ 40 దాటితే పొద్దున్న, సాయంత్రం మాత్రమే బయటికొస్తాయి, మధ్యాహ్నం తిండి ముట్టవు. అది మామూలే. నీళ్ల పళ్లెంలోనే రోజంతా కూర్చుంటే, నోటి దగ్గర నురగ కనిపిస్తే మాత్రం వేడి మితిమీరింది, వెంటనే నీడకి మార్చి గోరువెచ్చని నీళ్లలో ఉంచాలి. ఆ పొడి గాలికి రెడ్‌ఫుట్ గూట్లో పరిచిన కోకోపీట్‌ని (కొబ్బరి పీచు పొట్టు) రోజూ తడపాలి. లేకపోతే పెరిగే వయసులో డిప్ప గుట్టలు గుట్టలుగా లేస్తుంది, మళ్లీ చదును కాదు. ఏసీ గదిలో నేల దగ్గర చల్లగా, పొడిగా ఉంటుంది. మనిషికి హాయిగా ఉన్నా తాబేలు ముడుచుకుంటుంది. అందుకే థర్మామీటర్‌ని గోడకి కాదు, నేల నుంచి రెండంగుళాల ఎత్తులో పెట్టాలి. రెడ్‌ఫుట్‌కి పగలు 26 నుంచి 30 డిగ్రీలు, రాత్రి 21కి తగ్గకూడదు. సల్కాటాకి ఎండ కాచుకునే చోట 38 వరకు కావాలి.

డిసెంబర్, జనవరి రాత్రులు 12, 13కి పడిపోయినప్పుడు కదలకుండా ఉంటే శీతనిద్ర అనుకుని వదిలేస్తారు. ఈ రెండు జాతులకీ శీతనిద్ర లేదు. ముక్కు దగ్గర బుడగలు, మెడ చాచి నోరు తెరిచి ఊపిరి పీల్చడం కనిపిస్తే అది ఊపిరితిత్తుల జబ్బు. సెరామిక్ హీటర్, థర్మోస్టాట్ కలిపి బిగించి వైద్యుడికి చూపించండి. రాజేంద్రనగర్ వెటర్నరీ కాలేజీ ఉంది, సరీసృపాలు చూసే ప్రైవేటు వైద్యులూ ఉన్నారు. కుక్కలకి నులిపురుగుల కోసం వాడే ఐవర్‌మెక్టిన్ తాబేలుకి ప్రాణాంతకం, ఇంజెక్షన్ ఇచ్చేముందు ఆ మాట నోరు తెరిచి అడగండి.

తిండి గురించి క్లుప్తంగా. సల్కాటాకి ఎక్కువ భాగం గడ్డే: గుడి దగ్గర కట్టలుగా దొరికే గరిక, నేపియర్ గడ్డి, ఆపైన మందార ఆకు, మల్బరీ ఆకు, ముళ్లు తీసిన నాగజెముడు. పండు పెడితే విరేచనాలు. రెడ్‌ఫుట్‌కి ఆకులతో పాటు బొప్పాయి, మామిడి, అప్పుడప్పుడు ఉడికించిన గుడ్డు ముక్క. పాలకూర, తోటకూర రోజూ వద్దు. అన్నం, రొట్టె, పప్పు అసలొద్దు. గన్నేరు మొక్క దరిదాపుల్లో ఉండకూడదు, విషం. సున్నం గోడ నాకుతుంటే కాల్షియం చాలడం లేదు, కటిల్ బోన్ (కటిల్ ఫిష్ అనే సముద్రజీవి ఎముక) ముక్క వేయండి. దాంతోపాటు ఎండ నేరుగా ఒంటికి తగలాలి, ఆ కాల్షియం ఒంటికి పట్టడానికి కావాల్సిన యూవీబీ కిరణాలు కిటికీ అద్దంలోంచి రావు. ఎండ లేని ఇంట్లో టీ5 యూవీబీ ట్యూబ్ పెట్టి ఏడాదికోసారి మార్చాలి. పిల్ల తాబేళ్లని రోజు విడిచి రోజు, పెద్దవాటిని వారానికోసారి గడ్డం వరకు గోరువెచ్చని నీళ్లలో 20 నిమిషాలు ఉంచండి. మూత్రంతో పాటు పడే తెల్లటి ముద్ద మెత్తగా వస్తే సరే, ఇసుకలా గరుకుగా వస్తే నీళ్లు చాలడం లేదు.

హాల్లో వదిలి పెంచడం నాకు అస్సలు నచ్చదు. గ్రానైట్ మీద కాళ్లు జారి పక్కలకి వంగుతాయి, వెంట్రుకలు, దారాలు, పిన్నులు మింగుతుంది, ఫినాయిల్ తడి పొట్టకి అంటుతుంది.

ఆయుష్షు కూడా లెక్కలోకి తీసుకోండి. 2024 మార్చిలో మన నెహ్రూ జూపార్కులో చనిపోయిన గాలపాగోస్ తాబేలుకి 125 ఏళ్లన్నారు. 1963లో పబ్లిక్ గార్డెన్స్ నుంచి అక్కడికి తెచ్చారు. సల్కాటా, రెడ్‌ఫుట్ అంత కాలం కాకపోయినా యాభై ఏళ్లు తేలిగ్గా బతుకుతాయి. మీ తర్వాత ఎవరు చూస్తారో ఇంట్లో ముందే మాట్లాడుకోండి.

కొనే చోట అరగంట కూర్చుని చూడండి. పొట్ట నేలకి తగలకుండా ఎత్తి నడవాలి, కళ్లు పూర్తిగా తెరిచి ఉండాలి, ముక్కు పొడిగా ఉండాలి. కాలు మెల్లగా లాగితే గట్టిగా వెనక్కి గుంజుకోవాలి. మెత్తటి డిప్ప, వాచిన రెప్పలు ఉన్నదాన్ని జాలిపడి కొనొద్దు. ఈ రెండు జాతులూ సైటిస్ (వన్యప్రాణుల వ్యాపారంపై అంతర్జాతీయ ఒప్పందం) జాబితాలో ఉన్నాయి కాబట్టి వన్యప్రాణి సంరక్షణ చట్టంలోని 49ఎం సెక్షన్ కింద కేంద్ర పర్యావరణ శాఖ వారి పరివేష్ పోర్టల్లో నమోదు తప్పనిసరి. అమ్మే మనిషి ఆ కాగితాలు చూపించి, మీ పేరుకి మార్చడానికి ఒప్పుకున్న తర్వాతే డబ్బు ఇవ్వండి.