బెవనా, బోస్టనా?

రగ్బీ లీగ్ (జట్టుకు పదమూడు మందితో ఆడే రగ్బీ) గురించి ఎప్పుడు రాసినా మర్నాటికల్లా ఈ ప్రశ్న వచ్చి తీరుతుంది: మైదానం అంచున ఆడే వింగర్లలో ఎవరు మేలు, బ్రయాన్ బెవనా, బిల్లీ బోస్టనా? ఇన్నాళ్లూ ఇద్దరూ గొప్పవాళ్లేనని తప్పించుకున్నాను. ఇక తేల్చి చెప్పేస్తాను.

క్రికెట్ చూస్తూ పెరిగిన మన చూపు ముందు సగటు మీదికే పోతుంది. ఆ లెక్క చూస్తే అసలు వాదనకే తావు లేదు. బెవన్ ఇంగ్లండ్ క్లబ్బు వారింగ్టన్ తరఫున 620 మ్యాచుల్లో 740 ట్రైలు (ట్రై అంటే ఎదుటి జట్టు గీత దాటి బంతిని నేలకు ఆనించడం) చేశాడు. మొత్తం మీద 796. బోస్టన్ మరో ఇంగ్లండ్ క్లబ్బు విగన్ తరఫున 488 మ్యాచుల్లో 478, మొత్తం మీద 571. పైగా అది టాకిళ్లకు, అంటే బంతి ఉన్నవాడిని పట్టి ఆపడానికి, పరిమితి లేని కాలం. నాలుగు టాకిళ్లయ్యాక బంతి వదులుకోవాలన్న నిబంధన 1966లో వచ్చేదాకా బంతి చిక్కిన జట్టు ఎంతసేపైనా దాన్ని తన దగ్గరే అట్టిపెట్టుకోవచ్చు. బరువైన ఆటగాళ్లయిన ఫార్వర్డ్‌లు నడిమధ్యన బురదలో కుమ్ములాడుకుంటుంటే, అంచున నిలబడ్డ వింగర్ చలికి చేతులు రుద్దుకుంటూ తన వంతు కోసం ఎదురుచూడాలి. అలాంటి ఆటలో మ్యాచుకు ఒకటికి మించి ట్రైలు!

బెవన్ ఆస్ట్రేలియా నౌకాదళంలో పనిచేస్తూ 1945లో ఇంగ్లండ్ చేరాడు. లీడ్స్, హన్స్‌లెట్ క్లబ్బులు వద్దనుకున్నాయి, వారింగ్టన్ తీసుకుంది. అతని ఫొటోలు చూడండి: బక్కపలచని ఒళ్లు, బట్టతల, పళ్లు ఊడిన నోరు, మోకాళ్లకు కట్లు. ఆటగాడంటే నమ్మబుద్ధి కాదు. 1952-53 సీజన్ ఒక్కదానిలోనే 72 ట్రైలు చేశాడు ఈ మనిషి. ఆస్ట్రేలియా తరఫున ఒక్క టెస్టు (దేశాల మధ్య మ్యాచు) ఆడకపోయినా, 2008లో ఆ దేశం ప్రకటించిన శతాబ్దపు జట్టులో అతనికి చోటు దక్కింది.

అందుకే టెస్టులు చూపించి బోస్టన్‌ను గెలిపించడం నాకిష్టం లేదు. విగన్‌కు ఆరు మ్యాచులే ఆడి బ్రిటన్ జట్టు 1954 ఆస్ట్రేలియా, న్యూజిలాండ్ పర్యటనకు ఎంపికైన మాట, అక్కడ 36 ట్రైలు చేసిన మాట, బ్రిటన్ తరఫున 31 టెస్టుల్లో 24 ట్రైలు చేసిన మాట నిజమే. బెవన్‌కు దక్కని అవకాశాన్ని బెవన్ మీదే తప్పుగా రాయలేం కదా.

నా దృష్టిలో తేల్చేది వేరే విషయం. ఎదుటి డిఫెండర్ మనసులో ఎన్ని అనుమానాలు పుట్టించాడు? బెవన్ ఎదురైతే ఒకటే భయం: పక్కనుంచి జారిపోతాడు. ఎటు జారతాడో తెలియదు గానీ, జారతాడని తెలుసు. అతన్ని మైదానం పక్క గీతవైపు నెట్టి ఖాళీ మూసెయ్యాలి. అది చెప్పినంత తేలిక కాదని ఆ 796 సాక్ష్యం. బోస్టన్ ఎదురైతే రెండు భయాలు: పక్కనుంచి పోతాడా, మీదనుంచే పోతాడా? పక్కకు జరిగితే లోపలికి దూసుకొస్తాడు, కాళ్లు నాటుకుని నిలబడితే బయటినుంచి పోతాడు. వయసుతో ఒళ్లు బరువెక్కాక ఆ రెండో భయం ఇంకా పెరిగింది. బంతి అవతలివాళ్ల చేతిలో ఉన్నప్పుడు టాకిల్‌తో మనిషిని నేలకూల్చేదీ అతనే. వింగర్‌కు లోపలి పక్కనుండే సెంటర్ స్థానంలో ఆడించినా పనికొచ్చాడు.

ఖాళీ దొరకని పెద్ద మ్యాచుల్లో ఈ తేడా కనిపిస్తుంది. వారింగ్టన్ ఆడిన 1954 ఛాలెంజ్ కప్ (రగ్బీ లీగ్ నాకౌట్ పోటీ) ఫైనల్ లండన్‌లోని వెంబ్లీలో 4-4తో ముగిసింది. బ్రాడ్‌ఫర్డ్‌లోని ఓడ్సల్ మైదానంలో మళ్లీ ఆడించిన మ్యాచుకు లెక్కకు వచ్చినవాళ్లే 102,569 మంది. వారింగ్టన్ 8-4తో గెలిచింది గానీ, ఆ రెండు మ్యాచుల్లోనూ బెవన్‌కు ట్రై లేదు. 1959లో హల్ మీద విగన్ 30-13తో గెలిచిన అదే కప్ ఫైనల్‌లో బోస్టన్‌వి రెండు ట్రైలు. ఒకటి రెండు మ్యాచులతో తీర్పు చెప్పకూడదని మీరంటే ఒప్పుకుంటాను. నా అభిప్రాయం మాత్రం మారదు.

బోస్టన్ మీద నాకు పక్షపాతం ఉందనేవాళ్లకూ ఒక మాట. ఉంది. వేల్స్‌లోని కార్డిఫ్ రేవు పక్కన టైగర్ బేలో, సియెర్రా లియోన్ నుంచి వచ్చిన తండ్రికి పుట్టిన పిల్లవాడు. కార్డిఫ్ రగ్బీ యూనియన్ (పదిహేను మందితో, అప్పట్లో డబ్బు తీసుకోకుండా ఆడే రగ్బీ) జట్టుకు ఆడాలని కలగన్నాడు, పిలుపు రాలేదు. 1953లో 3,000 పౌండ్లకు విగన్‌లో చేరాడు. ఆ రోజుల్లో లీగ్ డబ్బు ముట్టుకుంటే యూనియన్ తలుపు జీవితాంతం మూసుకున్నట్టే. 1957లో ప్రపంచ కప్ నుంచి తిరిగొస్తూ బ్రిటన్ జట్టు వర్ణవివక్ష రాజ్యమేలుతున్న దక్షిణాఫ్రికాలో ఆడింది, అతను లేకుండానే. 2025లో సర్ బిరుదు ఇచ్చారు. రగ్బీ లీగ్ ఆటగాడికి అదే మొదటిది. అప్పటికి ఆయనకు 90 ఏళ్లు.

మరో వింగర్ మార్టిన్ ఆఫియా సంగతేమిటని కూడా అడుగుతారు. పరుగులో సాటి లేదు, 1994 వెంబ్లీ ట్రై ఎన్నిసార్లయినా చూడొచ్చు. కానీ డిఫెన్స్ దగ్గర మార్కులు పోతాయి. ఆస్ట్రేలియా వింగర్ కెన్ ఇర్విన్ 212 ట్రైలు సిడ్నీ పోటీలవి, ఆ లెక్క వేరు.

ముందు ఎనభై గజాల ఖాళీ ఉంటే బంతి బెవన్‌కు ఇవ్వండి. ట్రై గీత ఐదు గజాల దూరంలో ఉండి, ఎదురుగా ఇద్దరుంటే మాత్రం బోస్టన్‌కే.